మొదటి రీలు సింగరాయకొండలో దిగింది

పొగాకు గొడౌన్లో గోడకి
రెండు పంచెలు కలిపి కుట్టి కట్టారు.
కుట్టు సరిగ్గా మధ్యన పడింది.
ఆ రాత్రి జపాను వాళ్ళందరి ముఖాల మీదా
టంగుటూరు దర్జీ పెట్టిన గాటు ఒకటి ఉండింది.

డెబ్బై ఆరు. గ్రేడింగు ముమ్మరంగా సాగే రోజులు.
తొమ్మిది మంది సభ్యుల ఫిల్మ్ సొసైటీ.
మద్రాసు నుంచి ప్యాసింజర్లో వేసిన డబ్బాలు ఐదు,
మాకు దిగినవి నాలుగు.
మొదటి రీలుని ఎవరో పొరపాటున
ముందు స్టేషన్లోనే దించేశారు.

"మొదలు లేకుండా కథేంది?" అన్నాడు ప్రెసిడెంటు.
"మనం మాత్రం దేన్నైనా మొదట్నించీ చూశామా," అన్నాడు
పోస్టాఫీసు ఖాదర్ వలీ.

మైకు ఆయనదే.
కింద ఇంగ్లీషు అక్షరాలు వచ్చినప్పుడల్లా
తెలుగులో చెప్పాలి,
మా అమ్మకి, మాలకొండమ్మ పిన్నికి,
ఆకు దుమ్ముకి దగ్గుతా కూచున్న అరవై మంది ఆడవాళ్ళకి.
సభ్యులు వెనక నిలబడ్డారు.
పగలంతా ఆ గొడౌను వాళ్ళది కాదు కదా.

ముందు, టైపు కొట్టిన కాయితం తీసి పేర్లు చదివాడు.
డైరెక్టరు, హీరోయిను, కెమెరా,
అన్నిటి కిందా, సిరా వెలిసిన వరసలో,
"రచన, సెగావా తోమి."
మొగో ఆడో తెలీదన్నాడు. మళ్ళీ చదివాడు.
ఫ్రమ్ అడ్రసు లేని ఉత్తరానికి
తిరిగిపోవడానికి చోటుండదంట.

అది ఉప్పు కొటారుల ఊరు, అచ్చం కనపర్తి.
యుద్ధానికి పోయిన మొగుడి పేరున
చెక్కపెట్టె వచ్చింది. తెరిస్తే గులకరాయి.
ఆమె ఏడవలేదు. కొటారులోకి నడిచింది.
పైన ఎండ, కింద ఉప్పు, పంచెలు రెండూ తెలుపు.
వెనక అత్త.
ఆమె తిరిగి ఏదో అంది.

తెల్ల ఉప్పు మీద తెల్ల అక్షరాలు.
ఖాదర్ వలీకి ఏమీ కనపడలా.
మైకు గుయ్యిమంటా ఉంది.
ప్రొజెక్టరు వెలుగులో పొగాకు దుమ్ము తిరుగుతా ఉంది.
ఒక్క ఊపిరి ఆగి అన్నాడు,
"అత్తా, నీ కొడుకుని సముద్రం తాగింది.
రోజుకింత, నేను దాన్ని ఎండబెడతా."

గొడౌన్లో దగ్గు ఆగిపోయింది.

మరుసటేడు తుఫానుకి
మాలకొండమ్మ పిన్ని తమ్ముడు
పాకల నుంచి వేటకి పోయి రాలేదు.
మూడోనాడు ఒడ్డున నిలబడి
ఆమె సముద్రాన్ని ఆ మాటే అంది.
పక్కనున్న వాళ్ళు అదేదో పాత సామెత అనుకున్నారు.
మొన్న చేపల మార్కెట్లో ఒకామె
వడ్డీ వ్యాపారిని తిడతా ఉంది,
"రోజుకింత, నిన్ను ఎండబెడతా రా!"

నేను రిటైరయ్యాక, ఒంగోల్లో,
ఫోన్లో దొరికింది ఆ బొమ్మ.
కడిగిన ప్రింటు, పసుపు అక్షరాలు.
ముఖాల మీద కుట్టు లేదు,
అది లేక కాసేపు ఎవర్నీ గుర్తుపట్టలా.
తిన్నగా కొటారు దగ్గరికి జరిపాను. ఆమె తిరిగింది.

"బకెట్టు యాడ పెట్టావు?"

అంతే. ఆ ఒక్క ముక్కే.
ఒక్కదాన్నే పొట్ట పట్టుకుని నవ్వాను.
తర్వాత వెనక్కి పోయి మొదటి రీలు చూశాను.
అందులో, రైలెక్కే ముందు, అతను
చెక్క బకెట్టుకి ఊడిన పట్టీ బిగిస్తాడు.
చాలాసేపు. మాటల్లేవు.
నీళ్ళు పోసి, కారుతుందేమోనని
చెవి ఆనించి వింటాడు.

సెగావా తోమి కోసం వెతికాను.
ఆడమనిషే. రాసినవి నాలుగు, మూడు దొరకవు.
తర్వాత కుట్టుపని నేర్పుకుంటా బతికిందని ఒకచోట,
పేరే మార్చుకుందని ఇంకోచోట.
ఫోటో లేదు.

ఎవరి మాట పెద్దదని నన్నడక్కండి.
ఖాదర్ వలీ మాటకి ఒక్క ఊపిరి చాలింది.
ఆమె మాటకి నాకు ఒక రీలూ, యాభై ఏళ్ళూ పట్టాయి.

మా నాయన పోయిన మధ్యాహ్నం
అమ్మ ఉన్నట్టుండి ఏడుపు ఆపి అడిగింది,
ఆయన టార్చిలైటు యాడుందని.
పట్టపగలు. ఇల్లంతా ఎండ.
మతి చలించిందనుకున్నాం,
మంచినీళ్ళు తాగించి పడుకోబెట్టాం.

వెతికి ఇచ్చి ఉండాల్సింది.